బ్యానరులో ఎదురింటి అమ్మాయి

మొన్న చెన్నై పక్కన తిరునిన్రవూరులో రైలు దిగి అమ్మావాళ్ళింటికి వెళ్తూ, మా విల్లాల గేటు ముందు ఒక బ్యానరు చూసి ఆగిపోయాను. ఎవరో ఓణీ వేసుకున్న పిల్ల చేతులు జోడించి నవ్వుతోంది. కింద శుభాకాంక్షలు చెప్పే మేనమామలు నల్ల కళ్ళద్దాలతో బారులు తీరారు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఇన్నేళ్ళయినా అంతే.

మేం పొలం అమ్ముకుని ఆ విల్లాల్లో చేరినవాళ్ళం. మిగతావాళ్ళు డాక్టర్లు, కంపెనీల పెద్దలు. పొద్దున్నే కార్లన్నీ చెన్నై వెళ్ళిపోతే, సాయంత్రాలు మేడకో పిల్ల, ఆ పిల్లకో తాళంచెవి. ఎదురింటి డాక్టరుగారి అమ్మాయి బడి నుంచి నేరుగా మా వంటింట్లో దూరేది. తమిళుల పిల్లయినా మా అమ్మ కలిపి పెట్టే పప్పన్నం దగ్గర తెలుగు నేర్చుకుంది. నాకు వేరే స్నేహితులు లేరు. స్కూలు బస్సులో మాత్రం నేనెవరో తెలియనట్టు కూర్చునేది. అక్కడ మా తెలుగువాళ్ళను 'గొల్టి' అని వెక్కిరించేవారు మరి.

నేను పెద్దమనిషినైనప్పుడు మా పల్లె వెంగల్ నుంచి మా మామ ట్రాక్టరు నిండా కొబ్బరాకులు, సారె పళ్ళేలు తెచ్చాడు. అంతటితో ఊరుకోక, విల్లాల పేరున్న బోర్డు కనబడకుండా నా బ్యానరు కట్టించాడు. అందులో నేను సింహాసనం మీద కూర్చుని ఉన్నాను. మర్నాటికి నా ముఖానికి మీసాలొచ్చాయి. గీసింది ఎదురింటి అమ్మాయేనని బస్సంతా నవ్వింది. మా అమ్మ పెట్టిన అన్నం తిన్న చెయ్యి!

మామ ఊగిపోయాడు. "ఎవురు గీసినారో చెప్పు పాపా! తిరుత్తణి మురుగన్ మీద ఆన, మనోళ్ళను దించేస్తా!"

"కొట్టొద్దు మామా. ఇంకో బ్యానరు కట్టు" అన్నాను.

నా పుట్టినరోజు ఫొటోలోంచి ఆమె ముఖం కత్తిరించి ఇచ్చాను. కొత్త బ్యానరు కింద వరుసలో, మామల గుబురు మీసాల నడుమ ఆమెను పెట్టించి, 'అత్త కూతురు' అని తమిళంలో రాయించాను. ఇక బస్సులో ఆమె కూడా గొల్టే. ఆ సంబరంతో నాకు అన్నం సయించలేదు.

సాయంత్రం గేటు దగ్గర కాపుకాశాను. బస్సు దిగిన పిల్లలు బ్యానరు చూసి విరగబడి నవ్వుతూ పోయారు. ఆమె ఒక్కతే నిలబడి, తన ముఖాన్నీ, పక్కనున్న మామలనూ, కింది రాతనూ మెల్లగా చదువుకుంది.

"వీళ్ళు నాకు కూడా మామలేనా?" అంది నావైపు తిరిగి. వెటకారం అనుకున్నాను. కళ్ళు చూస్తే నిండి ఉన్నాయి. "నాకు ఇట్ల కట్టేవాళ్ళు ఎవురూ లేరు. కుళ్ళు పుట్టి ఆ మీసాలు గీసినాను."

ఇంట్లోంచి అమ్మ కేక వేసింది. "ఇద్దురూ యాడుండారే? అన్నం ఆరిపోతా ఉండాది!"

నేనొక్కదాన్నే వెళ్ళి తలుపేసుకున్నాను. ఆ బ్యానరు ఎండకు వెలిసి చిరిగేదాకా, ఆమె రోజూ బస్సు దిగి కాసేపు దాని ముందు నిలబడేది. ఆ ఏడాదే వాళ్ళు ఇల్లు ఖాళీ చేశారు. ఏడిపించాలని నేను కట్టించినదాన్ని చూసి మురిసిపోయినందుకు ఆమెను ఇప్పటికీ క్షమించలేదు. కాలం ఆ పిల్లను ఎటో తీసుకుపోయింది, నా కోపాన్ని మాత్రం తీసుకుపోలేదు.