రికార్డులో లేని నలభై మూడో మైలు

రోడ్ల పుట్టుపూర్వోత్తరాలు రాసిపెట్టడం నా ఉద్యోగం. రాష్ట్ర రహదారుల శాఖలో పదిహేడేళ్లుగా అదే పని. ఏ రోడ్డుకి ఏ నంబర్, అది ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుంది, ఏ ముక్క రాష్ట్రానిది, ఏ ముక్క కౌంటీది (ఇక్కడ జిల్లాని అలా అంటారు), మైలుకొకటి చొప్పున పాతిన పచ్చరేకుల మీద ఏ అంకె ఉండాలి, ఇవన్నీ ఒక రికార్డులో ఉంటాయి. ఆ రికార్డు నా చేతిలో ఉంటుంది. ఈ పనికి నమ్మేవాడు పనికిరాడు. కాంట్రాక్టర్ మాట నమ్మకూడదు, కౌంటీవాళ్ల మాట అసలే నమ్మకూడదు. పాత మ్యాపుల సంగతి సరేసరి.

సాయంత్రం ఇంటికొచ్చేటప్పుడు ఆ బుద్ధిని ఆఫీసులో వదిలి రావడానికి అదేమైనా కుర్చీయా? నాతోపాటే వచ్చేది. పాలవాడు నీళ్లు కలపని దేశానికొచ్చినా మీకు నిద్రపట్టదని మా ఆవిడ దెప్పేది.

మా అమ్మాయి యూనివర్సిటీలో జియాలజీ రెండో ఏడు. ఒకసారి లైబ్రరీలో ఉన్నానని చెప్పింది. అదే సమయంలో తను ఎవరో అబ్బాయితో కాఫీ షాపులో కనిపించిందని మాకు తెలిసిన ఒకావిడ చెప్పింది. అడిగితే, లైబ్రరీ కింద అంతస్తులోనే కాఫీ షాపు ఉందని, ఆ అబ్బాయి తన ప్రాజెక్టులో ఉన్నాడని అంది. ఆదివారం పనిగట్టుకుని వెళ్లి చూశాను. షాపు ఉంది. అయినా నా మనసు కుదుటపడలేదు. ఫోన్ మ్యాపులో తను ఎక్కడుందో గంటకోసారి చూడటం మొదలుపెట్టాను. నెల తిరక్కుండా అది కనిపించకుండా ఆపేసింది. ఏదో దాస్తోందని నాకు రూఢి అయిపోయింది.

ఇది జరిగింది జూన్‌లో, ఒక శనివారం. రెంటచింతలని తలదన్నే ఎండ. క్లాసు పనికి రాళ్ల శాంపిల్స్ కావాలని పొద్దున్నే తన కారులో వెళ్లింది. పన్నెండున్నరకి ఫోన్ వచ్చింది. గొంతు మధ్యమధ్యలో తెగిపోతోంది.

“నాన్నా, కార్ ఆగిపోయింది. ఏసీ కూడా లేదు. మైల్‌పోస్ట్ ఫార్టీ త్రీ దగ్గర ఉన్నాను.” రోడ్డు నంబర్ కూడా చెప్పింది.

నాకు చటుక్కున వెలిగింది. ఆ రోడ్డు నాకు నా అరచెయ్యంత బాగా తెలుసు. ఒకప్పుడు అది వంకర్లు తిరుగుతూ ఒక చిన్న ఊరి మధ్యనుంచి నలభై ఆరో మైలు దాకా పోయేది. రెండేళ్ల కిందట ఊరి బయటనుంచి నేరుగా బైపాస్ వేశాం. బైపాస్ పడితే నంబర్ కొత్త దారికి పోతుంది. పాత ముక్కని కౌంటీకి అప్పగిస్తారు, దాని మీద రాష్ట్రం పాతిన రేకులు పీకేస్తారు. కొత్త దారి పొట్టిది కనక ఆ రోడ్డు ఇప్పుడు ముప్పై ఎనిమిదితో సరి; పాత ముక్క మీద ఆ అంకె దాకా ఉన్న రేకులని కొత్త దారికి మార్చేశాం.

“ఆ రోడ్డుకి ఫార్టీ త్రీ లేదు” అన్నాను.

“నా ముందే ఉంది నాన్నా.”

“లేదని చెప్తున్నాగా. నిజం చెప్పు, ఎక్కడున్నావు? ఎవరితో ఉన్నావు?”

 గాలి చప్పుడు మధ్య ఫోన్ తెగిపోయింది. తిరిగి చేస్తే పోలేదు. దొరికిపోయి కట్ చేసిందనుకున్నాను.

లాప్‌టాప్ తెరిచి రికార్డు చూశాను. ముప్పై తొమ్మిది నుంచి నలభై ఆరు వరకు, తొలగించడమైనది. పక్కన నా పొడి అక్షరాలు. నేను పట్టిన కుందేలుకి మూడే కాళ్లు! అబద్ధం ఒప్పుకుని తనే ఫోన్ చేస్తుందని సోఫాలో కూర్చున్నాను. చెప్పడానికి సిగ్గుగా ఉంది, గంటంబావు అలాగే కూర్చున్నాను.

మా ఆవిడ ఫార్మసీలో పని ముగించుకుని రెండింటికి వచ్చింది. కేసు గెలిచిన ప్లీడరులా జరిగిందంతా చెప్పాను, స్క్రీన్ కూడా చూపించాను. ఆవిడ స్క్రీన్ వైపు చూడలేదు.

“నంబర్ లేదు, సరే. పిల్ల ఎక్కడో ఉంది కదండీ?”

అప్పటికి గానీ నా బుర్రకి ఎక్కలేదు. అబద్ధమే అనుకున్నా, ఆ ఎండలో కారు ఆగిపోయిన పిల్ల నిజం కావచ్చు కదా. మా ఆవిడని ఇంటి దగ్గరే ఉండి ఫోన్లు చేస్తూ ఉండమని, ఫ్రిజ్‌లో ఉన్న నీళ్ల సీసాలన్నీ కారులో పడేసుకుని బయల్దేరాను.

అప్పుడు కూడా నా రికార్డునే నమ్మాను. ముప్పై మూడుని నలభై మూడని చదివి ఉంటుందని బైపాస్ ఎక్కాను. ముప్పై మూడు దగ్గర ఒక పగిలిన టైరు తప్ప ఏమీ లేదు. అటూ ఇటూ నాలుగు మైళ్లు వెతికాను. అప్పుడు పట్టుకుంది భయం.  ఈ ఎడారిలో నీళ్లు లేకుండా మధ్యాహ్నం గడిపినవాళ్లు ఏమవుతారో మా ఆఫీసులో అందరికీ తెలుసు.

వెనక్కి తిరిగి పాత రోడ్డులోకి మళ్లాను. కొన్ని మైళ్లు పోయాక ముప్పై తొమ్మిది, పచ్చగా నిలబడి ఉంది. తర్వాత నలభై. తర్వాత నలభై ఒకటి. తొలగించామని కాంట్రాక్టర్ కాగితం పంపాడు. లోకంలో అందరినీ అనుమానించే నేను సెలవు మీద వెళ్లే తొందరలో ఆ ఒక్క కాగితం మీద వెళ్లి చూడకుండా సంతకం పెట్టాను.

నలభై మూడు దగ్గర తన కారు ఉంది. బానెట్ తెరిచి ఉంది, లోపల మనిషి లేదు. నా పైప్రాణాలు పైనే పోయాయి. ఇంకాస్త ముందు, తుమ్మలాంటి చెట్టు పక్కన, కౌంటీ పోలీసు కారు కనిపించింది. వెనక సీట్లో మా అమ్మాయి, మెడ చుట్టూ తడి తువ్వాలు, చేతిలో నీళ్ల సీసా.

నేను పరుగెత్తబోతే పోలీసతను చెయ్యి అడ్డం పెట్టి ఎవరని అడిగాడు. తండ్రినన్నాను. అతను నా మాట మీద ఆగలేదు. మా అమ్మాయి వైపు తిరిగి, ఈయన తెలుసా, ఈయనతో వెళ్లడం నీకు ఇష్టమేనా అని నెమ్మదిగా అడిగాడు. తను నన్ను చూసింది. సీసా మూత బిగించింది.

“మా డాడ్” అంది.

మా అమ్మాయి కారు డిక్కీలోని సంచులు నా కారులోకి మార్చాను. అన్నీ రాళ్లే. ప్రతి సంచి మీదా ఏ మైలు దగ్గర ఏరిందో రాసి ఉంది. బైపాస్ మీద ఎందుకు వెళ్లలేదని అడిగాను. ట్రక్కులు తిరిగే రోడ్డు వద్దని నువ్వే చెప్పావుగా అంది. నిజమే, నేనే చెప్పాను.

ఇంటిదారిలో, పోలీసులు ఎంతసేపట్లో వచ్చారని అడిగాను.

“ఎప్పటికో సిగ్నల్ దొరికింది. కాల్ చేశాక ట్వెంటీ మినిట్స్. మైల్‌పోస్ట్ నంబర్ అడిగారు, చెప్పాను. అక్కడే ఉండు, వస్తున్నాం అన్నారు. అంతే నాన్నా.”

 నా నోటికి క్షమించమనే మాట వచ్చింది గానీ అప్పటికి తను నిద్రపోయింది. మర్నాడు చెప్పాను. ఇట్స్ ఓకే అంది.

సోమవారం నా తప్పు నేనే రాసిచ్చాను. ఆ ఎనిమిది రేకులూ పీకుతుంటే దగ్గరుండి చూశాను.

అప్పటినుంచి తను ఎక్కడికి వెళ్లినా నా ఫోన్‌కి ఒక ఫోటో వస్తుంది. రోడ్డు నంబర్ బోర్డు, దాని పక్కన మైల్‌పోస్ట్, ఫ్రేములో ఒక మూల తన ముఖం. కింద మాట ఉండదు. ఒకరోజు ఉండబట్టలేక, ఫోటోలు వద్దమ్మా, నువ్వు చెప్తే చాలు అన్నాను.

“పర్లేదు నాన్నా, నీకు ఈజీగా ఉంటుంది” అంది. గొంతులో కోపం లేదు. కోపంగా అని ఉంటే బతిమాలుకునేవాణ్ణి.