సొర పిట్టుకు పనికొచ్చిన చేతులు

రొయ్యల షెడ్డులో ఐసులో చేతులు పెట్టి పద్నాలుగేళ్లు రొయ్యల తలలు తీశాను. చివరికి వేళ్లు గిల్లినా తెలియకుండా అయ్యాయి. ఇంకా ఐసులో పెడితే అసలుకే పనికిరావని డాక్టరు గారు చెప్పారు. మానేశాను. పెద్దగా ఏమీ అనిపించలేదు. ఆయన పోయాక నా తిండి నేనే చూసుకోవాలి, అంతవరకే ఆలోచించాను.

అమ్మడానికి రొయ్య పచ్చడి పెట్టాను. మా వీధిలో అప్పటికే నలుగురు పెడుతున్నారు.

"నీ డబ్బా ఎవరు తెరుస్తారు వదినా? మా అన్నయ్య ఉంటే మొహమాటానికైనా తినేవాడు" అంది ఆడపడుచు.

ఆ డబ్బాలు సంచిలో వేసుకుని మొగల్తూరులో బస్సెక్కి భీమవరం వెళ్లాను. ఇల్లిల్లూ తిరుగుతుంటే ఒక పెద్దావిడ గుమ్మంలోనే ఆపేశారు.

"పచ్చడా? లోపల బాలింత ఉందండి. పత్యం తిండి తినలేక ఏడుస్తోంది. ఆ వాసన తగిలిందంటే నేను ఆపలేను. ఏ ఊరు మీది?"

"మొగల్తూరండి."

"సముద్రం పక్క ఊరేగా, అయితే సొరచేప పిట్టు వచ్చే ఉంటుంది. మా కోడలికి పాలు చాలట్లేదు. చేప తెప్పించాం గానీ ఆ తోలు తీసేవాళ్లు లేరు."

సొర తోలు ఇసక అంటించినట్టు గరుకుగా ఉంటుంది. మరిగే నీళ్లలో ముంచి, ఆ వేడి మీదే రుద్దాలి. చల్లారితే ఊడదు. వాళ్ల పెరట్లో కూర్చుని రుద్దాను.

"చేతులు కాలట్లేదా అండి?"

"లేదండి."

చేపను ఉడికించి, చిదిమి, వెల్లుల్లి, మిరియాలు వేసి వేయించి ఇచ్చాను. వేళ్లకు బొబ్బలు లేచిన సంగతి తిరుగు బస్సులో చూసుకున్నాను.

ఆ వీధిలో ఇంకో బాలింత ఉందని ఆవిడే చెప్పారు. అక్కడి నుంచి మరో ఇల్లు. ఇప్పుడు నెలలు నిండకముందే ఫోన్లు చేస్తున్నారు. అంగన్‌వాడీ టీచరు గారి దగ్గర ఈ వయసులో నేర్చుకున్న అక్షరాలతో పిట్టు డబ్బా మీద 'మిరపకారం లేదు' అని నేనే రాస్తాను. ఇంట్లో తోలు రుద్దుతుంటే ఆడపడుచు కూడా ఒకసారి ఆ వేడి నీళ్లలో చెయ్యి పెట్టి చూసింది. "ఈ పని నీకే ఉండనీ వదినా" అంది.

పోయిన నెల డబ్బా ఇవ్వడానికి వెళ్లిన ఇంట్లో బాలింత తల్లి పసిబిడ్డను నా చేతుల్లో పెట్టింది.

"ఒళ్లు వెచ్చగా ఉందా చూడండి. నాకు కంగారుగా ఉంది."

బిడ్డ నుదుటి మీద చెయ్యి వేశాను. ఏమీ తెలియలేదు. వంగి నా చెంప ఆనించాను.

"చల్లగానే ఉందండి" అన్నాను.