నేను నెమ్మది చేసిన బోటు

రాజమండ్రిలో ఓ మేడగదిలో కూర్చుని చిన్న చిన్న డాక్యుమెంటరీలకు సంగీతం చేస్తుంటాను. పెద్ద సినిమావాళ్లు పిలవరు. పిలిచినా వెళ్లను, భయం. పుట్టు పిరికివాణ్ణి. అయినా ఆ రోజు అంతర్వేది దగ్గర తుఫాను షెల్టర్లో పడ్డంత భయం ఎన్నడూ పడలేదు.

అప్పుడు నేను సంగీతం చేసింది సముద్రంలో చేపల వేటకెళ్లే కుటుంబాల మీద తీసిన సినిమాకి. షూటింగప్పుడు ఒడ్డుకొస్తున్న ఓ బోటు ఇంజను చప్పుడు రికార్డు చేసుకున్నాను. నెల తిరక్కుండానే ఆ బోటు వేటకెళ్లి మళ్లీ రాలేదు. ఆ సంగతి తెలిసీ నేను ఆ చప్పుడు వదల్లేదు. అంత బాగుంది మరి! వేగం సగానికి తగ్గించి, వయొలిన్ కలిపి, సినిమా చివర్లో పెట్టాను.

"ఆ బోటువాళ్లు పోల్చుకుంటారేమోనండి," అంది దర్శకురాలు.

"ఎవరూ పోల్చుకోలేరులెండి," అన్నాను ధీమాగా.

తీరా ఆవిడ మొదటి ప్రదర్శన ఆ బోటువాళ్ల ఊళ్లోనే పెట్టేసరికి నా గుండెల్లో రాయి పడింది. బోటు నడిపినాయన భార్య సినిమాలోనే చెబుతుంది, "పొయ్యి దగ్గరున్నా మా బోటు చప్పుడు నాకు తెలిసిపోద్దండి," అని. ఆ మాట వందసార్లు విన్నవాణ్ణి, బుద్ధుండక్కర్లా?

ఆదివారం పొద్దున్నే తుఫాను షెల్టర్ కిటికీలకు పరదాలు కట్టి సినిమా వేశారు. ఆమె నాకు రెండు వరసల ముందు కూర్చుంది. చివర్లో ఇంజను చప్పుడు మొదలవగానే నిటారుగా అయిపోయింది. ఆమె ఊరికే తల తిప్పినా, గుమ్మడికాయల దొంగలా భుజాలు తడుముకున్నాను.

సినిమా అయ్యాక తిన్నగా నా దగ్గరికొచ్చింది. తిడుతుందనుకున్నాను. ఆమె మొహంలో నాకంటే ఎక్కువ భయం ఉంది.

"అది మా బోటేనండి. ఇంజను అలా ఈడుస్తుందేంటండి? ఆ రోజు పాడైపోయిందా? బాగు చేయించాం కదాని నేనే ఎల్లమన్నానండి!"

"అది ఆ రోజుది కాదమ్మా. అంతకుముందెప్పుడో తీసింది. ఇంజను బాగానే ఉంది. నేనే నెమ్మది చేశాను."

"బాగున్నదాన్ని ఎందుకండీ అలా చేశారు?"

"వినడానికి బాగుంటుందని."

ఛీ, ఏం మాటది! ఫోన్‌లో అసలు రికార్డింగు వెతికి పెట్టాను. ఆమె ఫోన్ చెవికి ఆనించుకుని చివరిదాకా విన్నది.

"ఆఁ, బాగు చేయించాక చప్పుడేనండి ఇది. బాగానే ఉందండి," అని అక్కడే కూలబడి ఏడ్చింది.