సముద్రాల దొరని ఓడించిన కొంగ

మా చిన్నప్పుడు... కైకలూరులో మావయ్య వాళ్ళింట్లో, చల్లటి గచ్చు మీద బోర్లా పడుకుని, అరచేతిలో పట్టే ఒకే ఒక్క వీడియో గేమ్ కోసం పిల్లలమంతా జుట్లు పీక్కునేవాళ్ళం. వేసవి సెలవులిస్తే చాలు, అమ్మ నన్ను తాడేపల్లిగూడెంలో బస్సెక్కించేసేది.

ఆ ఆట తెలియనివాళ్ళ కోసం చెబుతున్నాను... వింత జంతువుల్ని పట్టుకోవాలి, పెంచాలి, వేరే ట్రైనర్ల జంతువుల మీద పోటీకి దింపాలి. ఇంగ్లీషు పేర్లు మాకు నోరు తిరిగేవి కాదు. అందుకే చేపల్ని పెంచే ఆఖరి ట్రైనర్‌కి సముద్రాల దొర అని, పక్షుల్ని పెంచే ముసలావిడకి కొంగలమ్మ అని మేమే పేర్లు పెట్టుకున్నాం.

అందరిలోకీ బలమైన ట్రైనర్ ఎవరు? దీని మీద అన్నం దగ్గర కూడా గొడవే. మావయ్య కొడుకు శీను బావ దొర పక్షం. మిగతా మగపిల్లలంతా బావ పక్షం. నేనొక్కదాన్నే కొంగలమ్మ పక్షం.

"చేపల్ని తినేది కొంగే కదా బావా... రోజూ చూస్తున్నాం కదా" అన్నాను ఒకసారి.

"ఒసేయ్, చేపల చెరువున్న ఇంట్లో కూర్చుని కొంగని పొగుడుతావా? సిగ్గు లేదూ!" అన్నాడు.

చేపల చెరువులవాళ్ళకి కొంగంటే ఎంత మంటో కొల్లేరు పక్కన పెరిగినవాళ్ళకి తెలుసు. పిల్ల చేపల్ని వదిలిన రోజు నుంచీ కాపలాయే. డబ్బాలు వాయించుకుంటూ గట్ల మీద తిరిగి కొంగల్ని తోలడం పిల్లలమైన మా పని. ఆ పగ ఆటలోకి కూడా వచ్చేసింది. పక్షి దొరికితే చాలు, మావాళ్ళు వెంటనే వదిలేసేవాళ్ళు. చేపల దొర మీదకి నక్కల్నీ ఎలుగుల్నీ దింపి, ఓడిపోయి, దొర ఎంత గొప్పవాడో అని లెంపలు వేసుకునేవాళ్ళు! ఇంత తెలివితక్కువ వాదన నేను మళ్ళీ ఎక్కడా వినలేదు.

"కొంగతో దొరని కొట్టి చూపించు. కొంగలమ్మే గొప్పదని అందరి ముందూ ఒప్పుకుంటాను" అన్నాడు బావ.

ఆ ఆట రెండో భాగం కొన్నాక, మొదటి భాగం పాత క్యాసెట్ నా మొహాన పడేశాడు బావ... దాంట్లో పొడుగు ముక్కు కొంగనొకదాన్ని పట్టాను. రాణి అని పేరు పెట్టాను. వాళ్ళు గోళీలకి వెళ్ళినప్పుడు, స్నానాలకి వెళ్ళినప్పుడు, మెషీన్ ఎప్పుడు ఖాళీగా ఉంటే అప్పుడు దాన్ని పెంచాను. సెలవులన్నీ దానికే ధారపోశాను.

చెరువు పట్టుబడి రోజున, పెరిగిన చేపల్ని పట్టడానికి అందరూ వలల దగ్గరికి వెళ్ళారు. నేను కడుపునొప్పని ఇంట్లో ఉండిపోయాను. ఆ పొద్దున్నే నా రాణి సముద్రాల దొర చేపల్ని ఒక్కొక్కటిగా మింగేసింది! గచ్చు మీద గంతులేశాను. అత్తయ్య వంటింట్లోంచి "నొప్పి తగ్గిందేవిటే?" అంది.

బావ వలల దగ్గర్నుంచి రాగానే చూపించాను. గెలిచిన జట్టు తెర మీద మెరుస్తోంది, మధ్యలో రాణి. బావ మొహం మాడిపోయింది. మెషీన్ నా చేతిలోంచి లాక్కుని, కొత్త ఆట మొదలుపెట్టి, నా ఆట మీదే దాన్ని సేవ్ చేసేశాడు. ఆ క్యాసెట్‌లో ఒక్క ఆటకే చోటు. అంతే... రాణి పోయింది, గెలుపు పోయింది.

"మనింట్లో కొంగకి చోటు లేదే" అన్నాడు. అందరూ పడీ పడీ నవ్వారు.

నా ఏడుపు విని మావయ్య వచ్చాడు. "ఏవిటే ఆ గోల? ఆటే కదా!" అన్నాడు. సంగతి విని తనూ నవ్వాడు. ఆ మాట... "ఆటే కదా"... ఇప్పుడు తలుచుకున్నా అరికాలి మంట నెత్తికెక్కుతుంది.

సరే, చిన్నప్పటి సంగతి అనుకుందాం. మొన్న బావ కూతురు లాస్య పుట్టినరోజుకి వెళ్ళాను. ఆ ఆట కొత్త భాగం ఇప్పుడు ఫోన్‌లో వచ్చిందట, పాత ట్రైనర్లందరూ ఉన్నారట. పిల్లలు మళ్ళీ అదే గొడవ... ఎవరు బలమైనవాళ్ళు?

"సముద్రాల దొరేనమ్మా. వాణ్ణి మనింట్లో మొదట కొట్టింది మీ నాన్నే!" అన్నాడు బావ, కాలు మీద కాలేసుకుని.

ఎక్కడ కూర్చుని అన్నాడనుకున్నారు? గోడంత కొంగ బొమ్మ కింద! ఇప్పుడాయన టూరిస్టులకి పడవలో కొల్లేరు పక్షుల్ని చూపిస్తున్నాడు. కొంగల మీదే అన్నం తింటున్నాడు!

నా చేతిలో కేకు ప్లేటు పక్కన పెట్టేశాను. "ఏవండీ బావగారూ... నా రాణి ఏమైందో కూడా మీ అమ్మాయికి చెప్పండి" అన్నాను.

"అబ్బా, ఇంకా గుర్తుందా నీకు? ఆటే కదే!" అని నవ్వాడు. ఈసారి తోడు నవ్వడానికి ఎవరూ లేరు. జరిగిందంతా పిల్లల ముందే చెప్పేశాను.

లాస్య వాళ్ళ నాన్న వంక చూసింది. "నిజంగా చెరిపేశావా నాన్నా?" అంది. ఆ పిల్ల ఫోన్‌ని మెల్లగా తన ఒళ్ళోకి లాక్కుని, నా పక్కకొచ్చి కూర్చుంది. "పిన్నీ, కొంగకి ముందు ఏం నేర్పించావు?" అంది. బావ ఒప్పుకోలేదు, ఒప్పుకోడు కూడా. లేచి ఐస్‌క్రీమ్ తెస్తానని వెళ్ళిపోయాడు.

ఇప్పటి పిల్లల ఆటలు వాటంతటవే ఎక్కడో భద్రంగా దాక్కుంటాయట... ఫోన్ పగిలినా పోవట. మంచిదే. మా రోజుల్లో మా గెలుపులు ఎవరో ఒక బావ బొటనవేలి కింద ఉండేవి.

మీ చేతిలోంచి లాక్కుని చెరిపేసిన ఆట ఉంటే కింద రాయండి... "ఆటే కదా" అనేవాళ్ళు మాత్రం దయచేసి ఇటు రాకండి. ముందు నేనే రాస్తున్నాను. సముద్రాల దొరని మా ఇంట్లో మొదట ఓడించింది నేను. నా కొంగ పేరు రాణి.