పెద్దసారు చింపిన పుట

మా పెద్దసారు పోయారని భద్రాచలం బస్టాండులో ఒక కండక్టరు చెప్పాడు. ఆయన దగ్గర చదువుకున్నవాడే. "పొద్దుగాల పానం పోయిందంట టీచరమ్మా. మీరొస్తనంటే ఈ బస్సే ఆ ఊరికి పోతది, ఎక్కుండ్రి" అన్నాడు. ఖమ్మం వెళ్లాల్సిన నేను సంచీ పట్టుకుని అందులోనే ఎక్కాను. దారంతా అడవే. కన్నీళ్లు రాలేదు. మేమిద్దరం కలిసి చేసిన ఒక తప్పు ఇక నా ఒక్కదానిదే అయిందన్న దిగులు మాత్రం పట్టుకుంది.

1979లో నేను ఆ ఊరి బడికి తెలుగు టీచరుగా వెళ్లేసరికి ఆయన అక్కడ హెడ్మాస్టరు. ఊరి చివర వాగు, వాగు దాటితే వేరే రాష్ట్రం. సంతరోజు ఆ హద్దు ఎవరికీ గుర్తుండేది కాదు. అవతలి కోయ గూడేల నుంచి ఇప్పపువ్వు, చింతపండు, చీపుళ్లు వచ్చేవి. ఇటు నుంచి ఉప్పు, బట్ట వెళ్లేవి. బట్టల కొట్టు సాహెబు ఇంట్లో ఉర్దూ, కొట్లో తెలుగు, కోయ ముసలమ్మలతో కోయ మాట్లాడేవాడు. నేను చేరిన రోజునే సారు అడిగారు: "ఈ ఊరికి ఆ పేరెట్ల వచ్చిందో తెల్సా అమ్మా?" తెలియదన్నాను. "నాకూ తెల్వది. పదేండ్ల సంది ఈడనే ఉంటున్న. సిగ్గయితాంది" అన్నారు.

ఆ సిగ్గే ఆయనచేత ఊరి చరిత్ర రాయించింది. ఆదివారాలు గూడేలు తిరిగేవారు. జేబులో రెండు పెన్సిళ్లు, ఒక బ్లేడు ముక్క. పెన్నుతో రాసేవారు కాదు. "ముసలోళ్లు ఒకపారి చెప్పిన మాట మార్చుకుంటరు. ఆళ్లకు ఆ హక్కుండాలె" అనేవారు.

వాగు అవతల ఒక డోలి తాత ఉండేవాడు. డోలు కొట్టి కోయల వంశాల కథలు చెప్పడం ఆయన ఇంటి వృత్తి. ఆయన దగ్గరికి నేనూ వెళ్లాను. ఊరున్న చోట ఒకప్పుడు ఏడు కోయ ఇళ్లుండేవట. ఒక కరువు ఏడు గడిచి వానలు పడ్డాక, దిగువ జిల్లాల నుంచి వచ్చినవాళ్లు ఇళ్లకు నిప్పు పెట్టి, చేలు పట్టుకుని, వాళ్లను వానాకాలపు వాగులోకి తరిమారట. దాటుతూ ఒక బాలింత కొట్టుకుపోయింది. మేం రోజూ పలికే ఊరి పేరు ఆమెదే. అందుకే దాన్ని ఇక్కడ రాయడానికి నాకు చెయ్యి ఆడడం లేదు. ఏడు ఇళ్ల పెద్దల పేర్లూ తాత వరసగా చెప్పాడు. సారు రాసుకుని తిరిగి చదివి వినిపించారు. "అవ్, గట్లనే" అన్నాడు తాత.

బడి వార్షికోత్సవానికి ఆ చరిత్ర చిన్న పుస్తకంగా అచ్చయింది. పంచడానికి వారం ముందు ఊరి పెద్దరైతు ఒకాయన వచ్చాడు. అంతకుముందు వానలకు బడి గోడ కూలి, నాలుగో తరగతి పిల్ల కాలు నలిగిపోయింది. కొత్త గదులు రెండు కట్టిస్తానని ముందుకొచ్చింది ఆయనే. పునాదులు లేచాయి.

"ఏవండీ మాస్టారూ, మా తాతలు కొంపలు తగలెట్టారని మా పిల్లలచేతే చదివిస్తారా? ఆ కాగితం ఉంటే ఈ గోడలు లేవవు. మీ ఇష్టం" అన్నాడు గొంతు పెంచకుండా.

 మూడోరోజు సాయంత్రం సారు నన్ను ఆఫీసు గదిలోకి పిలిచారు. బల్ల మీద పుస్తకాలన్నీ పేర్చి ఉన్నాయి. "ఆ పిల్ల కుంటుకుంట వస్తాంది. చూసినవు గదమ్మా" అన్నారు. అంతే. స్కేలు ఆనించి ఆయనొక పుస్తకంలో, నేనొక పుస్తకంలో ఆ పుట చించుతూ పోయాం.

"ఒక్కటి దాచుకుందాం సార్" అన్నాను.

"వద్దు. దాచుకుంటే మనం మంచోళ్లమే అనిపిస్తది."

చించిన పుటలన్నీ బడి వెనక కాల్చేశారు. పెన్సిలు రాతప్రతి ఒక్కటే ఉండేది, అది అప్పటికే ప్రెస్సులో చిత్తుకాగితాల్లో కలిసిపోయింది.

తర్వాతి సంతలో డోలి తాత ఎదురుపడ్డాడు. "నా మాట బుక్కుల పడ్డదా సారూ?"

"పడ్డది తాతా. నేనే చింపిన. బడి గోడల కోసం."

 తాత ముఖంలో కోపం లేదు. "మా పిల్లలకు ఈ కత చెప్పుకునేటప్పుడు నీ సంగతి గూడ చెప్తం" అని చీపుళ్ల కట్ట ఎత్తుకుని వెళ్లిపోయాడు. మరుసటి ఏడు చలిజ్వరంతో పోయాడు. కొడుకు డోలు పట్టలేదు, వెదురు నరికే కూలికి పోయాడు.

గదులు లేచాయి. పిల్లలు తడవకుండా కూర్చున్నారు. సారు మాత్రం ఉద్యోగం ఉన్నన్నాళ్లూ పాత రేకుల షెడ్డులోనే లెక్కలు చెప్పారు. ఆ పుస్తకాన్ని ఎవరు మెచ్చుకున్నా "అండ్ల ఒక పుట లేదు, నేనే తీసేసిన" అని చెప్పేవారు. ఎదుటివాళ్లు ఇబ్బంది పడేవారు. ఆయన ఆపలేదు. చేసిన తప్పును ఇంకొకరి మీదకు నెట్టకుండా బతకవచ్చని నేను చూసింది ఆయన్లోనే. అందుకు రుణపడి ఉన్నాను.

రిటైరయ్యాక సారు నేలకొండపల్లి దగ్గరి సొంతూరికి వెళ్లకుండా అక్కడే ఉండిపోయారు. నాకు బదిలీ అయినా ఏటా ఒకసారి వెళ్లి చూసి వచ్చేదాన్ని. పోయిన ఏడు పక్షవాతంతో మంచాన ఉన్నారు. "ఆ పుట చెప్త, రాసుకో అమ్మా" అన్నారు. కరువు, మంటలు, బాలింత, అన్నీ చెప్పారు. పెద్దల పేర్ల దగ్గర ఐదు చెప్పి ఆగిపోయారు. పనిచేసే చేతి వేళ్లు మడిచారు, విప్పారు, మళ్లీ మడిచారు. "ఇంకా ఇద్దరున్నరు. మనుషులమ్మా, ఇద్దరు మనుషులు" అంటూ ఏడ్చారు. నాకూ గుర్తు రాలేదు. నేను చించిన ప్రతి పుట మీదా ఆ పేర్లున్నాయి. ఒక్కదాన్నీ చదవలేదు.

బస్సు దిగేసరికి పాడె లేచింది. ఊరి పడమర చేలు దాటాక ఆయన తమ్ముడి కొడుకు చితికి నిప్పు పెట్టాడు. పెద్దరైతు కొడుకులు బడి గదుల గురించి నాలుగు మంచి మాటలు మాట్లాడారు. దూరంగా ఇప్పచెట్ల కింద డోలి తాత గూడెం కోయలు ఇరవై మంది దాకా కూర్చుని ఉన్నారు. ఆడవాళ్లు, చంటిపిల్లలు కూడా.

"వాళ్లు ఇటెందుకు రావట్లేదు?" అని సాహెబు కొడుకుని అడిగాను.

"మనం పోయినంక వస్తరు టీచరమ్మా."

జనం చెదిరారు. రోడ్డెక్కి వెనక్కి చూశాను. చెట్ల కింద వాళ్లు ఒక్కొక్కరే లేస్తున్నారు. ముందు ఒక ముసలామె, ఆమె వెనక మిగతావాళ్లు, మంట వైపు నడుస్తున్నారు.