కుళాయి గొట్టానికి కట్టిన తీగ

రేకుల ఇళ్లకు పిడుగును నేలలోకి దింపే తీగ కట్టడంలో అతనిది అందెవేసిన చెయ్యి. ఊరంతా పిడుగుల మేస్త్రి అనే పిలిచేది. కానీ గొయ్యి తవ్వి, కడ్డీ పాతి, మట్టి కప్పే ఓపిక ఆ మహానుభావుడికి లేదు. రేకు మీది నుంచి దింపిన రాగి తీగను పెరట్లోని ఇనుప కుళాయి గొట్టానికి బిగించేసేవాడు. గొట్టం ఎలాగూ భూమిలోకే పోతుంది కదా అని ధీమా. పిడుక్కీ బియ్యానికీ ఒకే మంత్రం అన్నట్టు ఏ ఇంటికైనా అదే పని. ఇరవై ఏళ్లు ఆ మంత్రం పారింది కూడా.

ఆ మధ్యాహ్నం చెల్లెలు ఫోన్ చేసింది.

"అన్నయ్యా, మా వీధిలో కుళాయిలన్నీ కొత్తవి వేశారు. ప్లాస్టిక్ గొట్టాలు, ఇక తుప్పు గొడవే లేదు!"

"మరి నేను కట్టిన తీగ?"

"కొత్తదానికే చుట్టించాను. నీ తీగను పారెయ్యనిస్తానా? ఉండు, పాప ఏడుస్తోంది" అని పెట్టేసింది.

ప్లాస్టిక్‌లో కరెంటు పోదు. పిడుగు పడితే నేలకు దిగే దారి లేక ఇంట్లోకే దూకుతుంది. ఆ ఇంట్లో చెల్లెలు, మూడు నెలల పసిగుడ్డు. పడమటి ఆకాశం అప్పటికే నల్లబడింది. మళ్లీ ఫోన్ చేస్తే ఎత్తలేదు.

సైకిలెక్కాడు. మెరుపు మెరిసినప్పుడల్లా ఉరుము వినిపించేదాకా అంకెలు లెక్కపెట్టాడు; అంకె తగ్గేకొద్దీ పిడుగు దగ్గరపడుతున్నట్టే. మొదట యాభై దాకా వచ్చింది. చెల్లెలి గుమ్మం చేరేసరికి నలభై.

"పాపను తీసుకుని బడి మేడకి పద, అక్కడైతే పిడుగు భయం లేదు. ఇప్పుడే!"

"ఇదేంటి అన్నయ్యా, నీ తీగ ఉండగా నాకేం భయం?"

ఆ మాటకు అతనికి చచ్చేంత సిగ్గేసింది. "తర్వాత చెబుతా, పద" అని పాపను తనే ఎత్తుకున్నాడు.

పక్కింటి టైలరమ్మ గోడ మీదుగా తొంగి చూసింది.

"ఏమైంది మేస్త్రి గారూ? మాకూ మీ తీగే ఉందిగా, ఇంట్లోనే ఉండమంటారా?"

ఉండమంటే పేరు నిలుస్తుంది. అందరి ఇళ్ల మీదా పిడుగు పడుతుందా ఏమిటి? ఒక్క క్షణం, నిజంగా ఒక్క క్షణమే, ఆ ఆలోచన అతన్ని ఊరించింది. మళ్లీ మెరిసింది. ఈసారి ముప్పై అయిదే.

పాపను చెల్లెలి చేతిలో పెట్టి బడి వైపు పంపాడు. తను మాత్రం వీధి చివరిదాకా ప్రతి తలుపూ బాదుతూ పరుగెత్తాడు.

"బయటికి రండి! నా తీగను నమ్మకండి! నేనే తప్పుగా కట్టాను, రండి!"