చిన్నాయన ఎక్కించని సీడీ

తంబళ్లపల్లె దగ్గర ఒక పల్లెలో ప్రవచనం చెబుతుండగా మదనపల్లె నుంచి ఫోను వచ్చింది. మా చిన్నాయన పోయినాడు. వినడానికి వచ్చినవాళ్లకు చేతులు జోడించి బస్సెక్కినాను. ఏ కష్టానికైనా గ్రంథంలో ఒక మాట వెదికే అలవాటు నాది. ఆ దారి పొడుగునా గ్రంథం ఒళ్లోనే ఉన్నా విప్పబుద్ధి కాలేదు.

ఆయన మదనపల్లెలో చిన్న యానిమేషన్ సెంటరు నడిపినాడు. గీసిన బొమ్మను కంప్యూటర్లో నడిపించే విద్య. బెంగళూరు పోయి నేర్చుకొచ్చి, అసలు సాఫ్ట్‌వేరు లైసెన్సుతో కొన్నాడు. దాంతోపాటు అగ్గిపెట్టె అంత తాళం ఇచ్చినారు. కంప్యూటరు వెనక అది తగిలిస్తేనే సాఫ్ట్‌వేరు తెరుచుకుంటుంది. మిగతావాళ్లంతా తాళం అక్కర్లేని దొంగ సీడీలతో పని నడుపుకుంటున్న కాలం అది.

ఎక్కించేటప్పుడు తెర మీద వచ్చే షరతులన్నీ నిఘంటువు పక్కన పెట్టుకుని చదివేవాడు, నేను పారాయణం చేసినట్టు. విద్యార్థులు నవ్వుకునేవాళ్లు. "ఒప్పుకుంటాను అని నొక్కతాండావు గదా, ఏం ఒప్పుకుంటాండావో సదవద్దా?" అనేవాడు. కొత్త వెర్షను వచ్చినా, చేతిలో పని సగంలో ఉంటే దాని జోలికి పోడు. పని ముగించి, ఫైళ్లు వేరే సీడీలోకి కాపీ చేసి, అవి ఇంకో కంప్యూటర్లో తెరుచుకుంటాయని చూసుకున్నాకే అప్‌డేట్. నేను అస్తేయం గురించి, అంటే పరాయి సొత్తు ముట్టకపోవడం గురించి, మైకు పగిలేటట్టు అరిచేవాణ్ణి. ఆయన చప్పుడు లేకుండా పాటించేవాడు.

ఒక ఏడాది విద్యార్థులు తగ్గిపోయి సెంటరు మూసే స్థితికి వచ్చింది. అప్పుడే పుంగనూరు పాల వ్యాపారులు కొందరు, పశువుల సాకుడు గురించి పల్లెల్లో చూపించేదానికి ఒక బొమ్మల చిత్రం అడిగినారు. దీపావళికి ఇవ్వాల. నచ్చితే వరసగా పని ఇస్తామన్నారు. చిన్నాయన ఆశంతా దాని మీదే.

ఆయుధపూజ రోజు ఆయన కుప్పంలో ఉన్నాడు. పాత శిష్యుడు ఆడ సెంటరు తెరిస్తే, అసలు సాఫ్ట్‌వేరు ఎక్కించి ఇచ్చేదానికి పోయినాడు. ఈడ విద్యార్థులు కంప్యూటర్లకు పసుపు కుంకుమ పెట్టినారు. అంతటితో ఆగక, అన్నింటికీ మూలం ఇదే గదా అని ఆ తాళాన్ని పెరికి, పసుపునీళ్లతో కడిగి, గంధం పూసి, మళ్లీ తగిలించినారు.

మరునాడు చిన్నాయన తిరిగొచ్చి చూస్తే సాఫ్ట్‌వేరు తెరుచుకోలేదు.

"పూజ చేసినాం సార్, దేవుడి ముందర పెట్టి," అనింది ఒక పిల్ల, ఏడుపు గొంతుతో.

"చేసినార్లే అమ్మా. ఇంక ఆయన్నే బాగు చేయమందాం," అన్నాడు.

బెంగళూరు డీలరు పాత తాళం పంపితేనే కొత్తది తెప్పిస్తానన్నాడు. ఎప్పుడొస్తుందో చెప్పలేనన్నాడు. సంగతి తెలిసి కుప్పం శిష్యుడు వచ్చినాడు. నేనూ అక్కడే ఉన్నాను.

"ఈ సీడీ వేసుకోండి సార్. తాళమూ వద్దు, గీళమూ వద్దు. నేనూ ఇదే వాడతాండాను."

"మొన్ననే గదరా నీకు అసలుది ఎక్కించి వచ్చినాను?"

"అది వచ్చినోళ్లకు చూపించేదానికి సార్. పనికి ఇదే."

చిన్నాయన ఆ సీడీని ఒకసారి తిప్పి చూసి, వాడి చేతిలోనే పెట్టినాడు.

"అన్నం ముఖ్యమా, ఆ షరతులు ముఖ్యమా సార్?"

"అన్నమే ముఖ్యమప్పా. అది నోట్లోకి పోయేమాదిరి ఉండాల గదా. కాఫీ తాగి పో. సీడీ మాత్రం జోబీలోనే పెట్టుకో."

వాడి తాళం అరువడుగుదామన్నా, ఒకరిది ఇంకొకరు వాడకూడదని షరతుల్లోనే ఉందంట. దీపావళి దాటింది. పాల వ్యాపారులు పని తీసుకుపోయి కుప్పం శిష్యుడికే ఇచ్చినారు. వెనకే విద్యార్థులూ పోయినారు. చలికాలం పోయేనాటికి కొత్త తాళం వచ్చింది. పని రాలేదు. సెంటరు మూసి, కంప్యూటరు ఇంటికి తెచ్చుకున్నాడు. అంగళ్లు అనే ఊళ్లో ఒక ఫోటో స్టూడియోలో పెళ్లి వీడియోలకు పేర్లు వేస్తా బతికినాడు. "ఆ చిత్రం ముగించు చిన్నాయనా" అంటే, "మనసు పోవడం లేదప్పా" అనేవాడు. తర్వాత జబ్బు పట్టుకుంది.

చదివేవాళ్లారా, ఇందులో తీపి వెతక్కండి. కుప్పం శిష్యుడు బాగున్నాడు. కారులో వచ్చి శవం ముందర అందరికంటే ఎక్కువ ఏడ్చినాడు, అదీ నిజమైన ఏడుపే. పుణ్యానికి ఫలం తప్పదని వేదికల మీద గర్జించినవాణ్ణి నేను. మీ చిన్నాయనకు ఏం దక్కిందని అడిగితే చూపించేదానికి నా దగ్గర ఏమీ లేదు. అయినా దొంగది దొంగదే. ఫలం ఆశ పెట్టకుండా ఆ మాట చెప్పడం నాకు ఆయన వల్లనే వచ్చింది.

కర్మలన్నీ అయినాక చిన్నమ్మ ఆ కంప్యూటరు పెట్టమనింది. ఆయన ఏం గీసినాడో ఆమె ఎప్పుడూ చూడలేదంట. పెట్టినాను. తెర మీద ఆ ముగియని చిత్రం. అప్పుడే పుట్టిన దూడ. తల్లి నాకుతా ఉండాది. దూడ వెనక కాళ్లు వణుకుతా లేచినాయి. ముందు కాళ్లు ఇంకా మోకాళ్ల మీదే ఉన్నాయి. ఆయన గీసింది ఆడికే.

"లేస్తుందా అప్పా?" అనింది చిన్నమ్మ.

బొమ్మను మళ్లీ మొదటి నుంచి నడిపించినాను. కరెంటు పోయేదాకా ఆమె ఆ దూడనే చూస్తా కూర్చునింది.